పిల్లల బొమ్మల సినిమాల దర్శకుడు ఫ్యోదర్ ఖిత్రూక్: తరచుగా అడిగే ప్రశ్నలు

ఫ్యోదర్ ఖిత్రూక్ ఎవరు?

సోవియట్ యూనియన్‌లో బొమ్మల సినిమాలు తీసిన దర్శకుడు. 1917 మే 1న త్వేర్ నగరంలో పుట్టారు. 2012 డిసెంబరు 3న, 95 ఏళ్ల వయసులో కన్నుమూశారు. మాస్కోలోని సోయుజ్‌ముల్త్‌ఫిల్మ్ స్టూడియోలో దాదాపు జీవితమంతా పనిచేశారు. రష్యన్ మాట్లాడే ఇళ్లలో మూడు తరాల పిల్లలు చూస్తూ పెరిగిన విన్నీ పూ ఎలుగుబంటి ఆయన చేతి పనే.

దర్శకుడిగా ఆయన తీసింది చాలా తక్కువ. 1962 నుంచి 1983 వరకు ఇరవై ఏళ్లకు పైగా కాలంలో పదిహేను సినిమాలో, అంతకు కాస్త ఎక్కువో ఉంటాయి. చాలావాటి నిడివి 10 నుంచి 20 నిమిషాలు. అన్నీ కలిపి చూసినా ఒక్క ఆదివారంలో అయిపోతాయి. అయినా సోవియట్ యానిమేషన్ చరిత్ర రాసేవాళ్లు ఆయన మొదటి సినిమాను ఒక హద్దురాయిలా పెట్టుకుని, దానికి ముందు, దాని తర్వాత అని మాట్లాడతారు.

ఈ రంగంలోకి ఎలా వచ్చారు?

చిన్నప్పటి నుంచి బొమ్మలు గీసే అలవాటు. తండ్రి ఉద్యోగరీత్యా జర్మనీకి వెళ్లడంతో 1930ల మొదట్లో కొన్నేళ్లు అక్కడే ఉన్నారు. స్టుట్‌గార్ట్‌లో చిత్రకళ నేర్చుకున్నారు. జర్మన్ భాష కూడా బాగా వచ్చేసింది. ఆ భాష తర్వాత ఆయన జీవితంలో పెద్ద పాత్రే పోషించింది.

1935లో మాస్కోలో అంతర్జాతీయ చలనచిత్రోత్సవం జరిగింది. అందులో డిస్నీ బొమ్మల సినిమాలు వేశారు. అవి చూశాకే తను చేయాల్సిన పని ఇదేనని నిశ్చయించుకున్నానని ఖిత్రూక్ తర్వాత ఎన్నోసార్లు చెప్పారు. మరుసటి ఏడాది, అంటే 1936 జూన్‌లో, సోయుజ్‌ముల్త్‌ఫిల్మ్ మొదలైంది. వెళ్లి అడిగితే వెంటనే తీసుకోలేదు. పట్టు వదలకుండా తిరిగి 1937లో చేరారు. మొదట ఇచ్చింది అట్టడుగు పని. పెద్ద యానిమేటర్ ఒక కదలికకు మొదటి బొమ్మ, చివరి బొమ్మ గీస్తే, ఆ రెండింటికీ మధ్య రావాల్సిన బొమ్మలు గీసిపెట్టాలి. కొద్దికాలంలోనే యానిమేటర్ అయ్యారు.

యుద్ధంలో పాల్గొన్నారా?

పాల్గొన్నారు. జర్మన్ వచ్చు కాబట్టి సైన్యంలో దుబాసీగా, శత్రువుల రేడియో సంభాషణలు విని అర్థం చెప్పే పనిలో పెట్టారు. యుద్ధం ముగిశాక కూడా కొంతకాలం జర్మనీలోనే ఉంచారు. తిరిగి స్టూడియోకి వచ్చేసరికి 1947.

మొదటి సినిమా 45వ ఏట తీశారట. అంత ఆలస్యం ఎందుకు?

ఆయన్ని ఇష్టపడేవాళ్లు కూడా దీన్ని ఆలస్యం అనే అంటారు. నేను ఒప్పుకోను. ఆ ఇన్నేళ్లూ ఆయన ఖాళీగా కూర్చోలేదు, ఇతరుల సినిమాల్లో పాత్రలకు ప్రాణం పోస్తూ ఉన్నారు. 1957లో లెవ్ అతమానోవ్ తీసిన మంచురాణి కథతో పాటు, ఆ రోజుల్లో స్టూడియో తీసిన ఎన్నో పెద్ద సినిమాల్లో ఆయన యానిమేటర్.

యానిమేటర్ అంటే నటుడే. తెర మీద కనిపించకుండా పెన్సిల్‌తో నటించే నటుడు. ఒక పిల్లవాడు అలిగితే భుజం ఎలా వాలుతుంది, బరువైన జంతువు లేచి నిలబడేముందు ఒక్క క్షణం ఎక్కడ ఆగుతుంది, అబద్ధం చెప్పేవాడి చూపు ఎటు పోతుంది అనేవి ఏళ్ల తరబడి గీస్తేగానీ చేతికి రావు. ఖిత్రూక్ సినిమాల్లో బొమ్మ చాలా సాదాగా ఉంటుంది. అయినా అది ఆలోచిస్తోందని మనకు తెలిసిపోతుంది. ఇరవై ఏళ్లకు పైగా గీసి గీసి సంపాదించుకున్న విద్య అది. ముప్పై ఏళ్లకే దర్శకుడై ఉంటే ఆ పూ మనకు దొరికేవాడు కాదని నా నమ్మకం.

ఇంకో కారణం కాలం. 1940ల్లో, 50ల మొదట్లో స్టూడియోలో నిజం మనుషుల్లా కనిపించే బొమ్మలదే రాజ్యం. నటుల్ని ముందుగా కెమెరాతో తీసి, ఆ ఫిల్మ్ మీద పెట్టి బొమ్మలు దిద్దుకునే పద్ధతి బాగా నడిచింది. స్టాలిన్ చనిపోయాక కళల మీద పట్టు కాస్త సడలింది. కొత్త రకం బొమ్మ గీస్తామంటే వినే మనుషులు అప్పుడు దొరికారు.

ఆ మొదటి సినిమా ఏమిటి? దాన్ని అంత గొప్పగా ఎందుకు చెబుతారు?

1962లో వచ్చిన 'ఒక నేరం కథ'. ఇది పిల్లల సినిమా కాదు. వసీలీ మామిన్ అనే నెమ్మదస్తుడైన గుమాస్తా ఒక ఉదయం పెనం తీసుకుని బయటికొచ్చి, పెద్దగా అరుచుకుంటున్న ఇద్దరు ఆడవాళ్లను కొడతాడు. ఎందుకు కొట్టాడు? సినిమా ఒక రోజు వెనక్కి వెళ్తుంది. అపార్ట్‌మెంట్‌లో పక్కింటి టీవీ, పైఇంటి విందు, పాటలు, డ్యాన్సులు, తలుపు చప్పుళ్లు. రాత్రంతా మనిషికి కంటిమీద కునుకు ఉండదు. హైదరాబాద్‌లోనో విజయవాడలోనో అపార్ట్‌మెంట్‌లో ఉండేవాళ్లకు ఈ కథను విడమర్చి చెప్పనక్కర్లేదు.

అప్పటిదాకా స్టూడియోలో ఎక్కువగా చలాకీ కుందేళ్లు, రాజకుమారులు, నీతికథలు. ఇక్కడ నేటి నగరం, నేటి మనిషి, నేటి కోపం వచ్చాయి. బొమ్మలు సాగదీసిన గీతలు, కోణాలు. పత్రికల నుంచి కత్తిరించిన ఫొటోలు కూడా వాడారు. అవసరం లేని కదలిక ఒక్కటీ లేదు. ఒక పాత్ర చేయి మాత్రమే కదలాలంటే చేయే కదులుతుంది. ఈ సినిమా రూపం తీర్చిదిద్దిన చిత్రకారుడు సెర్గేయ్ అలీమోవ్‌కు అప్పటికి పాతికేళ్లు కూడా లేవు. 45 ఏళ్ల యానిమేటర్ తన మొదటి అవకాశాన్ని అలాంటి కుర్రవాడి చేతిలో పెట్టాడంటే ఆయన దేనికోసం తహతహలాడుతున్నారో తెలుస్తుంది.

పిల్లల కోసం మొదట తీసింది ఏది?

1964లో 'తొప్తీష్క'. ఒక ఎలుగుబంటి పిల్ల, ఒక కుందేలు పిల్ల స్నేహం. మొదటి సినిమా తీరులోనే మళ్లీ కోణాల బొమ్మలు వేస్తారని అందరూ అనుకుంటే, ఖిత్రూక్, అలీమోవ్ అది పక్కన పెట్టేశారు. ఇక్కడ జంతువుల చుట్టూ గట్టి గీత ఉండదు. బొచ్చు మెత్తగా, తడిమి చూడాలనిపించేలా ఉంటుంది. తనకు పేరు తెచ్చిన పద్ధతిని వెంటనే వదిలేయడం చిన్న విషయం కాదు. ఆయన చివరిదాకా ఇలాగే చేశారు. ప్రతి కథకూ దానికి తగ్గ బొమ్మను కొత్తగా వెతికారు.

1965లో 'బోనిఫేస్ సెలవులు' వచ్చింది. చెక్ రచయిత మిలోష్ మాత్సోఉరెక్ కథ. బోనిఫేస్ సర్కస్‌లో పనిచేసే సింహం. పిల్లలందరూ సెలవులకి అమ్మమ్మల ఇళ్లకి వెళ్తున్నారని తెలిసి, తనకీ ఆఫ్రికాలో ఒక అమ్మమ్మ ఉందని చెప్పి సెలవు అడుగుతుంది. హాయిగా ఈత కొట్టాలి, అరటిపళ్లు తినాలి, బంగారు చేపను పట్టాలి, ఇవీ దాని కోరికలు. తీరా అక్కడికి వెళ్తే ఎన్నడూ సర్కస్ చూడని పిల్లలు ఎదురవుతారు. వాళ్లకోసం ఆడుతూ ఆడుతూ సెలవులన్నీ అయిపోతాయి.

నా మటుకు నాకు ఆయన పిల్లల సినిమాల్లో ఇదే అన్నింటికన్నా మిన్న. బోనిఫేస్ త్యాగం చేస్తున్నట్టు సినిమా ఎక్కడా చెప్పదు. దాని ముఖంలో చిన్న నిరాశ వస్తుంది, ఎదురుగా నిలబడ్డ పిల్లను చూడగానే పోతుంది. ఈ రెండూ ఆ ముఖంలోనే కనిపిస్తాయి. చూసే పిల్లలకు అంతే చాలు. చేపకోసం వేసుకున్న ప్లాన్లు ఒక్కోటీ ఎలా తప్పిపోతాయో చూసి పిల్లలు విరగబడి నవ్వుతారు, పెద్దవాళ్ల గొంతులో మాత్రం ఏదో అడ్డుపడుతుంది.

విన్నీ పూ డిస్నీది కదా? ఈయనది కాపీయా?

కాదు. ఇద్దరికీ మూలం ఒకటే, ఇంగ్లిష్ రచయిత ఎ. ఎ. మిల్న్ పుస్తకం. డిస్నీ మొదటి పూ సినిమా 1966లో వచ్చింది, ఖిత్రూక్ మొదటిది 1969లో. పని మొదలుపెట్టినప్పుడు ఆయన డిస్నీ సినిమా చూడలేదు. మిల్న్‌ను ముందు ఇంగ్లిష్‌లోనే చదివారు. సినిమాకు ఆధారం మాత్రం బోరిస్ జఖోదేర్ రష్యన్‌లో చెప్పిన కథ. స్క్రిప్ట్ కూడా ఇద్దరూ కలిసి రాశారు.

డిస్నీ పూనూ ఖిత్రూక్ పూనూ పక్కపక్కన పెట్టి చూస్తే చుట్టరికమే కనిపించదు. డిస్నీ పూ పసుపుపచ్చగా, మెత్తగా, ఎర్ర చొక్కాతో ఉంటాడు. ఖిత్రూక్ పూ ముదురు గోధుమ రంగు ఉండ. కళ్ల చుట్టూ నల్లటి మచ్చలు, చొక్కా లేదు, కాళ్లూ చేతులూ ఒంటికి అతకనట్టే ఉంటాయి. వ్లదీమిర్ జూయ్‌కోవ్, ఎదువార్ద్ నజారోవ్ కలిసి రూపం ఇచ్చారు. మొదట గీసిన పూకి ఒళ్లంతా బొచ్చు రేగిపోయి ఉండేదట. తగ్గించుకుంటూ తగ్గించుకుంటూ ఈ రూపానికి వచ్చారు. ఒక చెవి ఎవరో నమిలినట్టు నలిగి ఉండటం మాత్రం అలాగే ఉంచేశారు. నడిచేటప్పుడు కుడి చేయి, కుడి కాలు ఒకేసారి ముందుకు వస్తాయి. అందుకే ఆ నడకలో అంత పట్టుదల, అంత అమాయకత్వం కనిపిస్తాయి.

వెనకాల ఉండే అడవిని పిల్లలు రంగు పెన్సిళ్లతో గీసినట్టు వేశారు. చెట్లు అట్ట మీద అతికించినట్టు చదునుగా ఉంటాయి. క్రిస్టఫర్ రాబిన్ అసలు లేడు. నా లెక్కలో ఇదే అన్నిటికంటే పెద్ద మార్పు. మిల్న్ పుస్తకంలో ఆ అబ్బాయి ఉన్నాడు కాబట్టి మిగతావాళ్లంతా అతని బొమ్మలు. అబ్బాయిని తీసేయగానే వాళ్లకు యజమాని లేకుండా పోయాడు. పూ, పంది పిల్ల, గాడిద, కుందేలు, గుడ్లగూబ ఇరుగుపొరుగు మనుషులైపోయారు. ఏ సమస్య వచ్చినా వాళ్లే తేల్చుకోవాలి.

ఆ గొంతులు ఎవరివి?

పూకి గొంతు ఇచ్చింది ప్రసిద్ధ నటుడు యెవ్గేనీ లియోనోవ్. పాత్రకు ఆయన గొంతు మరీ బొంగురుగా ఉందని అనిపించింది. రికార్డు చేసిన టేపును దాదాపు 30 శాతం వేగం పెంచి నడిపించారు, సరిగ్గా కుదిరింది. పంది పిల్లకు గొంతు ఇయా సవ్వినాది. ఆమె కవయిత్రి బెల్లా అఖ్మదూలినా మాట తీరును తీసుకుని ఆ పాత్రకు పెట్టారు. గాడిదకు ఎరాస్త్ గారిన్ గొంతు. సంగీతం మెచిస్లావ్ వైన్‌బెర్గ్. సింఫనీలు, ఒపేరాలు రాసిన పెద్ద సంగీతకారుడు ఆయన. పిల్లల సినిమా కదా అని చేతికందింది రాసి ఇవ్వలేదు.

పూ సినిమాలు మూడుతోనే ఎందుకు ఆగిపోయాయి?

1969లో మొదటిది, 1971లో రెండోది, 1972లో మూడోది వచ్చాయి. మొదటి రెండూ పది నిమిషాల చొప్పున ఉంటాయి, మూడోది దానికి రెట్టింపు. ఇంకా తీయాలని అనుకున్నారు కానీ పాత్రల విషయంలో జఖోదేర్‌కూ ఖిత్రూక్‌కూ కుదరలేదు. ఎవరి పూ వాళ్లకు ఉన్నాడు. ఇద్దరూ మొండివాళ్లే.

డిస్నీ పూను తీసిన వోల్ఫ్‌గాంగ్ రైథర్మన్ 'నా సినిమా కంటే మీదే నచ్చింది' అని తనతో అన్నారని ఖిత్రూక్ చెప్పేవారు.

'నూ, పగజీ', 'చెబురాష్కా' కూడా ఆయనవేనా?

కాదు, ఈ పొరపాటు చాలామంది చేస్తారు. తోడేలు కుందేలును తరిమే 'నూ, పగజీ' వ్యాచెస్లావ్ కొత్యోనొచ్కిన్‌ది. పెద్ద చెవుల చెబురాష్కా రోమన్ కచానొవ్ తీసిన కీలుబొమ్మల సినిమా, అంటే గీసినది కాదు, నిజం బొమ్మను కొంచెం కొంచెంగా కదుపుతూ ఒక్కో ఫ్రేమూ తీసినది. 'పొగమంచులో ముళ్లపంది' (1975) యూరీ నొర్స్తెయిన్‌ది. అందరూ ఒకే స్టూడియోలో పనిచేసినవాళ్లు.

పది నిమిషాల సినిమాకు ఎంత పని ఉండేది?

ఫిల్మ్‌లో సెకనుకు 24 ఫ్రేములు. ఒక్కో బొమ్మను రెండు ఫ్రేములకు వాడుకున్నా సెకనుకు 12 బొమ్మలు కావాలి. పది నిమిషాలకు లెక్క వేస్తే 7,200. తెరమీద రెండు పాత్రలు ఉంటే ఇంకా పెరుగుతుంది. పెన్సిల్ బొమ్మను పారదర్శకమైన సెల్యులాయిడ్ షీటు మీదికి ఎక్కించాలి, వెనకవైపు రంగు వేయాలి, నేపథ్యం మీద పెట్టి పైనుంచి కెమెరాతో ఒక్కొక్కటే తీయాలి. కంప్యూటర్ లేదు. చేసిన తప్పును వెనక్కి తిప్పే బటన్ లేదు. కదలికను ఎక్కడ ఆపేయవచ్చో తెలిసిన దర్శకుడు తన మనుషుల నెలల శ్రమను కాపాడతాడు. ఆ ఆగడం కథకు కూడా పనికొచ్చేలా చేయడం ఖిత్రూక్‌కు తెలుసు.

ప్రభుత్వ స్టూడియో కదా, పెత్తనం ఉండేది కాదా?

ఉండేది. స్క్రిప్టు నుంచి ప్రింటు దాకా ప్రతి మెట్టు దగ్గరా స్టూడియో కళామండలి, ఆ పైన సినిమా శాఖ ఒప్పుకోవాలి. ఆ తంతు మొత్తాన్ని ఆయన 1968లో 'సినిమా, సినిమా, సినిమా' అనే ఇరవై నిమిషాల సినిమాగానే తీసేశారు. రచయిత స్క్రిప్టు పట్టుకుని ఆఫీసుల చుట్టూ తిరగడం, ఒక్కొక్కరూ ఒక్కో దిద్దుబాటు చెప్పడం, దర్శకుడికి వాతావరణం సహకరించకపోవడం, చివరికి విడుదల రోజు టెన్షన్. సంగీతం అలెక్సాందర్ జాత్సేపిన్. సినిమా పనిలో ఉన్నవాళ్లు ఎక్కడివాళ్లైనా సరే, దాన్ని చూసి తమ సంగతేననుకుంటారు. 1966లో వచ్చిన 'చట్రంలో మనిషి' ఇంకా ఘాటు. కుర్చీకి అంటుకుపోయిన అధికారి చుట్టూ చట్రం మందమవుతూ పోతుంది.

ప్రభుత్వ స్టూడియో వల్ల మేలు కూడా జరిగిందని చెప్పకపోతే అన్యాయం. పది నిమిషాల సినిమా మీద నెలల తరబడి పెద్ద బృందం పనిచేయడానికి డబ్బు ఎక్కడినుంచి వస్తుందనే బెంగ దర్శకుడికి లేదు. టికెట్లు, బొమ్మల అమ్మకాలు చూసుకుని కథ ఎంచుకోవాల్సిన పనీ లేదు.

అవార్డులు వచ్చాయా?

చాలా వచ్చాయి. ముఖ్యమైనవి ఫ్రాన్స్‌లోని కాన్ చలనచిత్రోత్సవంలో వచ్చిన రెండు బహుమతులు. 1973 నాటి 'ద్వీపం' 1974లో కాన్‌లో పొట్టి సినిమాల విభాగంలో మొదటి బహుమతి గెలిచింది. చిన్న ద్వీపంలో చిక్కుకుపోయిన మనిషి దగ్గరకు ఎన్నో ఓడలు వస్తాయి, తమకు కావలసింది తీసుకుపోతాయి, అతన్ని మాత్రం ఎక్కించుకోవు. మరుసటి ఏడాది 'నీకు నక్షత్రం కానుక' అనే సినిమాకు అక్కడే జ్యూరీ బహుమతి. ఆడవాళ్లకు నక్షత్రాలు తెచ్చిస్తామని మాటిచ్చి, పెళ్లయ్యాక వంటింట్లో, బట్టల గుట్టల మధ్య వదిలేసే మగవాళ్ల కథ అది, యుగయుగాలుగా. 1987లో సోవియట్ యూనియన్ ప్రజా కళాకారుడు బిరుదు ఇచ్చారు.

భారతదేశంతో ఆయనకు ఏమైనా సంబంధం ఉందా?

ఉంది. దర్శకుడిగా ఆయన చివరి సినిమాల్లో ఒకటైన 'సింహం, ఎద్దు' (1983) మన పంచతంత్ర కథే. స్నేహం చేసిన సింహానికీ ఎద్దుకూ మధ్య మూడోవాడు దూరి, చాడీలు చెప్పి, చివరికి కొట్లాటకు తెస్తాడు. చిన్నయ సూరి నీతిచంద్రికలో మిత్రభేదం చదివినవాళ్లకు పింగళకుడు, సంజీవకుడు, మధ్యలో దమనకుడు వెంటనే గుర్తొస్తారు. మన పత్రికలు నేటికీ రాజకీయాల్లో కరటక దమనకులనే మాట వాడుతూనే ఉన్నాయి.

సూరిగారి పుస్తకంలో దమనకుడి వాదనలు పేజీలకు పేజీలు సాగుతాయి. కథలో కథ, అందులో ఇంకో కథ. సినిమా వాటన్నిటినీ వదిలేసి రెండు పెద్ద జంతువుల శరీరాల మీద దృష్టి పెట్టింది. ఒకరి పక్కన ఒకరు ఎలా నిలబడేవారు, అనుమానం మొదలయ్యాక ఎలా నిలబడతారు అనేదే ముఖ్యం. హాయిగా నవ్వించిన పూ దర్శకుడే ఇది తీశాడంటే మొదట నమ్మబుద్ధి కాదు. ఇందులో నవ్వు లేదు. పాఠ్యపుస్తకంలో మిత్రభేదం చదువుకుని పరీక్ష రాసి మరిచిపోయిన తెలుగువాళ్లు దీన్ని తప్పకుండా చూడాలని నా కోరిక.

రష్యన్ రాకపోతే పిల్లలకు అర్థమవుతాయా? ఏ వయసుకు ఏది?

మనలో చాలామందికి సోవియట్ పిల్లల పుస్తకాలు తెలుగులోనే తెలుసు. ప్రగతి, రాదుగ ప్రచురణలు విశాలాంధ్ర పుస్తకాల షాపుల్లో చవగ్గా దొరికేవి. ఉప్పల లక్ష్మణరావు లాంటివాళ్లు మాస్కోలోనే ఉండి అనువాదాలు చేశారు. ఆ పుస్తకాల్లోని బొమ్మలు చూసి పెరిగినవాళ్లకు ఈ సినిమాలు కొత్తగా అనిపించవు.

సోయుజ్‌ముల్త్‌ఫిల్మ్ యూట్యూబ్ ఛానెల్‌లో పాత సినిమాలు చాలా ఉన్నాయి. మూడు నాలుగేళ్ల పిల్లలకు 'తొప్తీష్క' పెట్టండి. ఐదారేళ్లు వస్తే 'బోనిఫేస్ సెలవులు'. మాటలు తక్కువ, పక్కన కూర్చుని రెండు మూడు చోట్ల చెబితే చాలు. పూ సినిమాల్లో మాట ప్రధానం కాబట్టి పెద్దవాళ్లు ముందు ఒకసారి సబ్‌టైటిళ్లతో చూసి, తర్వాత పిల్లలకు తెలుగులో చెబుతూ చూపిస్తే బాగుంటుంది. రెండో పూ సినిమాతో మొదలుపెట్టండి. కుందేలు ఇంటికి విందుకు వెళ్లి, అతిగా తిని, గుమ్మంలో ఇరుక్కుపోయే కథ ఏ భాష పిల్లలకైనా అర్థమవుతుంది. 'ఒక నేరం కథ', 'ద్వీపం', 'సింహం, ఎద్దు' పదేళ్లు దాటాక చాలు.

సినిమాలు ఆపేశాక ఏం చేశారు?

పాఠాలు చెప్పారు. మాస్కోలో దర్శకులకు, రచయితలకు శిక్షణ ఇచ్చే ఉన్నత కోర్సుల్లో యానిమేషన్ బోధించారు. 1993లో నొర్స్తెయిన్, నజారోవ్, అంద్రేయ్ ఖ్రజానోవ్‌స్కీతో కలిసి 'షార్' అనే స్టూడియో-బడిని పెట్టారు. దేశం విడిపోయి, స్టూడియోలకు ప్రభుత్వ డబ్బు ఆగిపోయి, యానిమేటర్లు వేరే పనులు వెతుక్కుంటున్న రోజులవి. అప్పటికి ఖిత్రూక్‌కు 76 ఏళ్లు.

90 ఏళ్ల వయసులో, 2007లో, తన వృత్తి గురించి రెండు సంపుటాల పుస్తకం తెచ్చారు. ఆయన దగ్గర పూ బొమ్మలు గీసిన నజారోవ్ తర్వాత స్వయంగా దర్శకుడై 1982లో ఒక ముసలి కుక్క, ఒక తోడేలు స్నేహం మీద 'అనగనగా ఒక కుక్క' తీశారు. ఖిత్రూక్ సినిమాలు చూడటం అయ్యాక పిల్లలు ఇంకేమైనా ఉందా అని అడిగితే దాన్ని పెట్టండి.